నేను తీసేసిన మేక సీను

మా వీధి చివర ఉండే సహనకి న్యూయార్క్‌లో ఎడిటింగ్ అసిస్టెంట్‌గా ఉద్యోగం వచ్చింది. చేరబోయే ముందు ఎడిసన్‌లోని మా ఇంటికొచ్చి, సోఫాలో కాళ్ళు ముడుచుకుని కూర్చుని, "అంకుల్, మీరు ఫార్టీ ఇయర్స్ ఎడిటింగ్ చేశారు కదా, నాకు కొంచెం టిప్స్ చెప్పండి. బుల్లెట్ పాయింట్స్ అయినా ఓకే," అంది.

బుల్లెట్ పాయింట్లు నా వల్ల అయ్యే పని కాదు. నా దగ్గర ఉన్నవల్లా కొన్ని సంగతులు, ఇద్దరు ముగ్గురు మనుషులు, నేను చేసిన ఒక వెధవ పని. ఆ వెధవ పని ఎంత దూరం పోయిందో ఈ వేసవి దాకా నాకే తెలియదు. తెలిసిన దగ్గర్నుంచి బుర్ర సరిగ్గా పనిచేయడం లేదు. అందుకని ఇది సలహాలా ఉంటుందో, గందరగోళంలా ఉంటుందో ముందే చెప్పలేను. సహనకి తెలుగు చదవడం రాదు, వాళ్ళమ్మ చదివి వినిపిస్తానంది. మధ్యలో తన అభిప్రాయాలు కలపకుండా చదివితే సంతోషం.

మా గురువుగారు

నేను తెనాలివాణ్ణి. డెబ్భైల చివర్లో స్కాలర్‌షిప్ మీద మాస్కో వెళ్ళి సినిమా ఎడిటింగ్ చదివాను. చదువయ్యాక అక్కడే ఒక స్టూడియోలో ట్రైనీగా వేశారు. అక్కడ నాకు దొరికిన డైరెక్టరు గ్లేబ్ సవేల్యెవిచ్. ఆ దేశంలో పెద్దవాళ్ళని పేరుతో పాటు తండ్రి పేరు కూడా కలిపి పిలవాలి, మనం 'గారు' అన్నట్టు. నోటితో అలాగే పిలిచేవాణ్ణి కానీ, మనసులో మాత్రం గురువుగారు అనే అనుకునేవాణ్ణి.

ఆయన తీయని రకం సినిమా లేదు. యుద్ధం సినిమాలు తీశారు. పిల్లల కోసం బొమ్మలతో రాకుమారుల కథలు తీశారు. సంగీత నాటకాన్ని సినిమాగా తీశారు. కడుపు చెక్కలయ్యే హాస్యం తీశారు. ట్రాక్టరు గేర్‌బాక్సు విప్పి మళ్ళీ ఎలా బిగించాలో రైతులకి చూపించే సినిమా కూడా తీశారు. తీరిక దొరికితే వేరేవాళ్ళ సినిమాల్లో జర్మన్ ఆఫీసరు వేషం వేసి, పాట తక్కువైందంటే అక్కడే కూర్చుని రాసిచ్చేవారు. "ఏ పని ఇస్తే ఆ పని చేస్తాడు, వడ్రంగి లాగా" అని కొందరు మెచ్చుకునేవాళ్ళు. అదే మాట తిట్టుగా అనేవాళ్ళూ ఉండేవాళ్ళు.

నా అభిప్రాయం అడిగితే, ఆయన యుద్ధం సినిమాలు బాగుండవు. జెండాలు ఎక్కువ, మనుషులు తక్కువ. ట్రాక్టరు సినిమా మాత్రం ఇప్పటికీ నాకు కళ్ళకి కట్టినట్టుంటుంది. ఒకసారి ధైర్యం చేసి ఆ మాట ఆయనతోనే అనేశాను. కోపం రాలేదు. "దాని జోలికి కమిటీ రాలేదు, అందుకని బాగొచ్చింది," అన్నారు.

ఆయన నాకు ఎప్పుడూ అర్థం కాలేదు. పొద్దున మీటింగ్‌లో అందరికంటే ముందు చప్పట్లు కొట్టేవారు. మధ్యాహ్నం మా గదికొచ్చి ఆ ఉపన్యాసం ఇచ్చినాయనని అచ్చుగుద్దినట్టు అనుకరించి మమ్మల్ని నవ్వించేవారు. వారం తిరక్కుండా ఆ ఉపన్యాసకుడి మీదే డాక్యుమెంటరీ తీయడానికి ఒప్పుకునేవారు. ఈ మనిషి నిజంగా ఏమనుకుంటున్నాడురా దేవుడా అని తల పట్టుకునేవాణ్ణి. అడగొచ్చు కదా అంటారా? గురువుగారికి ఎదురు ప్రశ్న వేయకూడదని పెంచారు మమ్మల్ని. ఆ పెంపకమే నా కొంప ముంచింది. నా ఒక్కడి కొంపే అయితే బాగుండేది.

తమారా పెత్రోవ్నా గది

ఎడిటింగ్ గది తమారా పెత్రోవ్నాది. గురువుగారి సినిమాలన్నీ కోసి అతికించింది ఆవిడే. నాకు కత్తెర పట్టుకోవడం నేర్పిందీ ఆవిడే. "చూసేవాళ్ళకి అతుకు కనిపించిందంటే రేపట్నుంచి నువ్వు నా కంటికి కనిపించకు," అనేది. చేతులకి తెల్ల గుడ్డ గ్లవ్స్, నోట్లో ఎప్పుడూ లవంగం, పంటినొప్పికి. ఆవిడకి భయపడి నేను అతుకులు తప్ప ఇంకేం చూడకుండా తయారయ్యాను. తెర మీద రాజు చచ్చిపోతున్నా, నా కళ్ళు రెండు ముక్కలు కలిసే చోటే ఉండేవి.

నేను చేరిన ఏడాదికి గురువుగారు ఒక బేకరీ సినిమా తీశారు. చిన్న ఊరు, ఆ ఊరి రొట్టెల బట్టీ, అక్కడ పనిచేసే ఆడవాళ్ళు, వాళ్ళ గొడవలు. హాస్యమే. అందులో ఒక చిన్న సీను ఉంది. పని అయిపోయాక ఒకావిడ పిండి బస్తాల మీద ఒంటరిగా కూర్చుని బూట్లు విప్పుతుంది. మాటలేవీ ఉండవు. ఆ వేషం వేసింది గురువుగారి భార్య యెలేనా. ఆవిడ పాతకాలపు నటి, చాలా ఏళ్ళుగా వేషాలు మానేసింది. అప్పటికే ఆవిడకి జబ్బు. జబ్బేమిటో ఆవిడకి తెలియదు, ఆయనకి తెలుసు. అక్కడ అప్పట్లో డాక్టర్లు రోగికి చెప్పేవాళ్ళు కాదు, ఇంట్లోవాళ్ళకి చెప్పేవాళ్ళు. తెనాలిలో కూడా అంతే కనక నాకు వింతనిపించలేదు. ఈ సంగతి తమారా పెత్రోవ్నా నా చెవిన వేసి, బయట నోరు జారితే నాలుక కోస్తానంది.

అదే సినిమాలో ఇంకో సీను. బేకరీ మేనేజరు ఈ నెల ఎన్ని రొట్టెలు చేయాలో గంభీరంగా ఉపన్యాసం ఇస్తుంటే, వెనకాల ఒక మేక వచ్చి, ఆ లెక్కలు రాసిన గోడ కాగితాన్ని నింపాదిగా నమిలేస్తుంది. అయ్యబాబోయ్!  ఇది కమిటీ కంటపడితే గురువుగారి పని అయిపోయినట్టే అనుకున్నాను. పైగా సీను కూడా బాగా రాలేదు, మేక కెమెరా వంక చూస్తుంది.

కమిటీ అంటే, సినిమా బయటికి వెళ్ళే ముందు చూసి, ఇది ఉంచండి, ఇది తీయండి అని చెప్పే పెద్దమనుషులు. వాళ్ళకి సినిమా చూపించాల్సిన రోజు దగ్గరపడింది. సరిగ్గా ఆ ముందు రోజు తమారా పెత్రోవ్నా పన్ను పీకించుకోవడానికి సెలవు పెట్టింది. గురువుగారు వచ్చి, "సత్యా, అతుకులు ఊడతాయేమో ఒకసారి చూసుకో. ఇంకేం ముట్టుకోకు," అని చెప్పి వెళ్ళారు.

నేను ముట్టుకున్నాను. మేకని తీసేశాను. ఆయన్ని కాపాడుతున్నాననుకున్నాను. శిష్యుడు అడక్కుండానే గురువుకి సేవ చేయాలి కదా! అతుకు ఎంత బాగా వచ్చిందంటే, నాకే ముచ్చటేసింది.

కమిటీ

మర్నాడు పదింటికి కమిటీ కూర్చుంది. ముగ్గురు మగవాళ్ళు, ఒకావిడ. నేను వెనక గోడకి ఆనుకుని నిలబడ్డాను. సినిమా అయ్యింది, దీపాలు వెలిగాయి.  వాళ్ళ చేతుల్లో కాగితాలు ఖాళీగా ఉన్నాయి. ఏదో ఒకటి తీయించకుండా లేస్తే వాళ్ళ ఉద్యోగానికి అర్థం లేదు.

చివరికి వాళ్ళలో పెద్దవాడు గొంతు సవరించుకుని, "ఆ బస్తాల మీద కూర్చున్నావిడ ఎవరు? రోగిష్టిదానిలా ఉంది. మన బేకరీల్లో ఆడవాళ్ళు అలా ఉంటారా? తీసేయండి," అన్నాడు. ఆవిడ డైరెక్టరు భార్య అని అతనికి తెలుసో తెలియదో నాకు ఇప్పటికీ తెలియదు. గురువుగారు ఖాళీ తెర వంక చూశారు. "అలాగే," అన్నారు.

వరండాలోకి వచ్చాక నన్ను అడిగారు, "మేక ఏమైంది?"

"తీసేశాను, గ్లేబ్ సవేల్యెవిచ్. మీకు ఇబ్బంది అవుతుందని," అన్నాను, మెడల్ ఇస్తారేమో అన్నట్టు.

ఆయన నవ్వడం మొదలుపెట్టారు. నిలబడలేక బెంచీ మీద కూలబడి నవ్వారు. కళ్ళు తుడుచుకుని, "అతుకు కనిపించలేదు. బాగా చేశావు," అని లేచి వెళ్ళిపోయారు. నేను వెర్రిమొహం వేసుకుని నిలబడ్డాను.

తమారా పెత్రోవ్నా వాచిన బుగ్గతో తిరిగొచ్చాక గానీ నాకు సంగతి తెలియలేదు. "దరిద్రుడా, ఆ మేకని పెట్టిందే వాళ్ళ కోసం! వాళ్ళు మేకని పట్టుకుని, తీయించి, తృప్తిగా ఇంటికి పోవాలి. మిగతా సినిమా మనకి మిగలాలి. ప్రతి సినిమాలోనూ ఒక మేక ఉంటుంది!" అంది.

"ఎవరూ నాకు చెప్పలేదు కదండీ."

"చెబితే అది మేక ఎలా అవుతుంది? నలుగురికీ పాకుతుంది. చూసి తెలుసుకోవాలి," అని కుర్చీలో కూర్చుని ఏడ్చింది. పన్ను నొప్పికి కాదని నాకు అర్థమైంది.

యెలేనా సీను తీసే పని గురువుగారు నాకే ఇచ్చారు. "నువ్వే చేయి, నీ అతుకులు బాగుంటాయి," అన్నారు. అది శిక్షా, నమ్మకమా, వెటకారమా? నలభై ఏళ్ళకి పైగా ఆలోచిస్తున్నాను, తేలలేదు. రెండుసార్లు క్షమాపణ చెప్పబోతే, "పని చూసుకో," అని తుంచేశారు. మూడోసారి నేను ప్రయత్నించలేదు. సహనా, ఇది ఒక్కటి మాత్రం సలహాగా తీసుకో: చేసిన తప్పు ఆ రోజే, ఎవరికి చెప్పాలో వాళ్ళందరికీ చెప్పేయి. ఒకరికి చెబితే సరిపోతుందనుకోకు.

న్యూజెర్సీలో మేకలు

ఆ తర్వాత నేను అమెరికా వచ్చేశాను. ఎలా వచ్చాను, వీసా ఏమిటి అన్నవి ఇక్కడ అనవసరం. హాస్పిటళ్ళకీ కంపెనీలకీ ట్రైనింగ్ సినిమాలు చేసే ఒక చిన్న చోట రిటైరయ్యేదాకా పనిచేశాను. చేతులు కడుక్కోవడం ఎలా, నిచ్చెన ఎక్కడం ఎలా, ఇలాంటివి. మా బాస్ ప్రతి క్లయింటు చెప్పిన ప్రతి మార్పుకీ తలూపేవాడు. విసుగెత్తి ఒకసారి నేను మేకని పెట్టాను. పళ్ళు తోముకునే సినిమాలో డెంటిస్టు ఒక కాలికి ఎర్ర సాక్సు, ఇంకో కాలికి పచ్చ సాక్సు వేసుకున్న షాటు ఉంచాను. దాన్ని పట్టుకుని మిగతావి వదిలేస్తారని నా ఆశ. క్లయింటు ఎగిరి గంతేసి, "ఇదే చాలా బాగుంది, ఇలాంటివి ఇంకో నాలుగు పెట్టండి," అన్నాడు. ఈ దేశం కూడా నాకు పూర్తిగా అర్థమైందని చెప్పలేను.

లైబ్రరీలో

ఈ వేసవిలో సహన ఫోన్ చేసింది. "అంకుల్, పక్క టౌన్ లైబ్రరీలో ఓల్డ్ సోవియెట్ కామెడీస్ వేస్తున్నారు. అందులో బేకరీది మీరు చెప్పే మీ సర్‌దే కదా? సాటర్‌డే నేను డ్రైవ్ చేస్తాను, మీరు రెడీగా ఉండండి చాలు."

ఇరవై మంది కూడా లేరు. సినిమా ముందు ఒకావిడ లేచి నాలుగు మాటలు చెప్పింది. అరవై ఏళ్ళుంటాయి, పియానో టీచరట, పేరు నీనా. డైరెక్టరు గారి అమ్మాయినని చెప్పుకుంది.  ఇరవై నిమిషాల దూరంలో ఎన్నాళ్ళుగానో ఉంటోందట, నాకు తెలియనే తెలియదు. ఇంగ్లీషులోనే ఆవిడ, "ఇది మా నాన్న తీసిన సినిమా. ఈ సినిమాలోంచి ఆయన మా అమ్మని తీసేశాడు," అని చెప్పి కూర్చుంది.

సహన నా మోచేయి పట్టుకుని, "అంకుల్, ఆర్ యూ ఓకే? మీ ఫేస్ ఏంటి అలా అయిపోయింది?" అని అడిగింది.

సినిమా అంతసేపూ నేను చూసిందేమీ లేదు. అయ్యాక నీనా దగ్గరికెళ్ళి రష్యన్‌లో నేనెవరో చెప్పాను. ఆవిడ నన్ను పైనుంచి కింద దాకా చూసింది. "మీరు మా ఇంటికి ఒకసారి వచ్చారు. అమ్మ చేసిన సూప్‌లో మిరప్పొడి అడిగారు," అంది. కాఫీ తీసుకుని ఒక మూల బల్ల దగ్గర కూర్చున్నాం. సహన కొంచెం ఎడంగా కూర్చుని ఫోన్ చూసుకుంటున్నట్టు నటించింది.

"మొదటి ఆట రోజు అమ్మ కొత్త గౌను కుట్టించుకుంది," అంది నీనా. "తన సీను కోసం చివరిదాకా చూసింది. రాలేదు. ఇంటికొచ్చాక నాన్నని ఎందుకు తీసేశావని అడిగింది. 'నువ్వు సరిగ్గా చేయలేదు, బాగా రాలేదు, నేనే తీసేశాను' అన్నాడు. నేను వంటింట్లో ఉన్నాను, నాకు పదిహేనేళ్ళు. అమ్మ ఇంకేం అనలేదు. ఆ చలికాలమే పోయింది. ఆ తర్వాత మా నాన్నతో నేను మాట్లాడలేదు. ఆయన పోయారని ఫోన్ వచ్చినా వెళ్ళలేదు."

 ఇన్నేళ్ళూ ఆయన ఇంట్లో నిజం చెప్పి ఉంటారనే అనుకున్నాను. ఆ ఇంట్లో నా పేరు చెప్పి తిట్టుకుని ఉంటారని కూడా అనుకుని సిగ్గుపడేవాణ్ణి. ఇప్పుడు తెలుస్తోంది, నా పేరే రాలేదని.

చెప్పాను. మేక సంగతి చెప్పాను. ముట్టుకోవద్దంటే ముట్టుకున్నానని చెప్పాను. తీసేయమన్నది కమిటీ అని చెప్పాను. ఆవిడ కాఫీ కప్పు బల్ల మీద గట్టిగా పెట్టింది.

"అయితే అమ్మకి ఆ మాట ఎందుకు చెప్పలేదు? కమిటీ తీయించిందంటే అమ్మ అర్థం చేసుకునేది కదా! ఆ దేశంలో అది రోజూ జరిగేదే."

"కమిటీ ఏ కారణం చెప్పిందని ఆవిడ అడిగేవారు కదా," అన్నాను.

"ఏం చెప్పింది?"

నాకు చెప్పాలనిపించలేదు. కానీ ఒకసారి నోరు మూసుకున్నందుకు ఏమైందో అప్పుడే విన్నాను. "రోగిష్టిదానిలా ఉంది అన్నారు," అన్నాను.

నీనా చాలాసేపు కిటికీలోంచి పార్కింగ్ లాటు వంక చూసింది. వాళ్ళమ్మకి తన జబ్బు సంగతి తెలియదని ఆవిడకీ తెలుసు. "ఇంకేదో ఒకటి చెప్పొచ్చు," అంది చివరికి, చిన్న గొంతుతో. "రీలు పాడైందనొచ్చు. ఏదైనా అనొచ్చు."

"అవును," అన్నాను. నిజంగానే అనొచ్చు. అన్ని కథలు అల్లిన మనిషికి ఆ ఒక్కరోజు ఇంకో అబద్ధం దొరకలేదా? భార్యని కాపాడారా, నన్ను కాపాడారా, లేక సీను నిజంగానే ఆయనకి నచ్చలేదా? మేక ఉండి ఉంటే కూడా ఆ సీను పోయేదేమో! నాకేం తెలియదు. తెలియదనే ఆవిడకి చెప్పాను.

"మీ మీద నాకు చాలా కోపంగా ఉంది," అంది నీనా.

"ఉండాలి."

"ఒక ఉత్తరం ముక్క రాస్తే సరిపోయేది. ఆయన బతికుండగా."

 నా కళ్ళమ్మట నీళ్ళొచ్చాయి. ఆవిడ పేపరు నాప్కిన్ నా వైపు తోసింది, కానీ ఊరుకోమని అనలేదు.

కాసేపయ్యాక, "ఆ సీను చూసినవాళ్ళలో ఇప్పుడు బతికున్నది మీరొక్కరే," అంది. "చెప్పండి. మా అమ్మ బాగా చేసిందా?"

చాలా బాగా చేశారు అని వెంటనే అనేయొచ్చు. నాలుక చివరి దాకా వచ్చింది. కానీ నేను ఆ రోజుల్లో చూసింది అతుకులు, మనుషుల్ని కాదు. బాగా చేసిందో లేదో చెప్పగల స్థితిలో అప్పుడు లేను. ఆ మాటే చెప్పి, నాకు గుర్తున్నంత వరకు ఏం జరిగిందో చెబుతానన్నాను. బస్తాల మీద కూర్చుంటుంది. తలగుడ్డ వెనక్కి జరుపుకుంటుంది. ఎడమ కాలి బూటు విప్పుతుంది. బోర్లించి దులిపితే పిండి రాలుతుంది. ఆ పిండి వంక చూస్తుంది. తర్వాత నవ్వుతుంది. నీనా కళ్ళు మూసుకుని, ఏడుస్తూ విన్నది.

కార్‌లో సహన, "అంకుల్, వాట్ హ్యాపెండ్? ఆంటీ ఎందుకు ఏడ్చారు? మీరెందుకు ఏడ్చారు?" అని ఒకటే ప్రశ్నలు. "ఇంటికెళ్ళాక చెబుతానమ్మా," అన్నాను. ఇంటికెళ్ళాకా చెప్పలేకపోయాను. అందుకే ఇది రాస్తున్నాను.

వారం తర్వాత ఆదివారం పొద్దున నీనా ఫోన్ చేసింది. పలకరింపులేం లేవు, "ఆ సీను మళ్ళీ చెప్పండి," అంది. చెప్పాను. సగంలో ఆపింది.

"మొన్న ఎడమ కాలి బూటు అన్నారు. ఇవాళ కుడి కాలిది అంటున్నారు."

ఆలోచించాను. ఎడమదా? కుడిదా? ఎంత ఆలోచిస్తే అంత అలుక్కుపోయింది. "గుర్తు లేదు, నీనా," అన్నాను.

"తలగుడ్డ?"

"అదీ ఇప్పుడు కచ్చితంగా చెప్పలేను."

  "నవ్వడం కూడా మీరు కల్పించిందేనా?" అని అడిగింది.

"కాదు. అది నిజం."

"ఎలా చెప్పగలరు?"

"తీసేసిన ఫిల్ముని ఎవరూ తిరిగి అతికించకుండా మూరెడు మూరెడు ముక్కలు చేసి డబ్బాలో పడేయాలి, అది రూలు. ఆ పనీ నేనే చేశాను. మూరెడంటే తెర మీద ఒక్క సెకను," అన్నాను. "మీ అమ్మ నవ్వు మూడు ముక్కలైంది."